సీరియళ్లు, చిన్న సినిమాల ఎడిటర్‌గా ఇరవై ఏళ్లు: తరచుగా అడిగే ప్రశ్నలు

నేను హైదరాబాద్‌లో యూసుఫ్‌గూడలో ఉంటాను. 2003 నుంచి ఎడిటింగే నా పని. ఎక్కువగా సీరియళ్లు, మధ్యమధ్యలో చిన్న సినిమాలు, ఈమధ్య రెండు వెబ్ సిరీస్‌లు. పెద్ద హీరో సినిమా ఒక్కటీ చేయలేదు. అయినా ఎవరో ఒకరు మెసేజ్ పెడుతూనే ఉంటారు. కాలేజీ పిల్లలు, మా ఖమ్మం వాళ్లు, సీరియల్ చూసే అమ్మలు, కొడుకు ఈ లైన్‌లోకి వెళ్తానంటున్నాడని భయపడే తండ్రులు. ఒక్కొక్కరికీ పని మధ్యలో రెండు ముక్కలు రాసి వదిలేయడం నాకు నచ్చడం లేదు. అందుకే ఎక్కువగా అడిగేవన్నీ ఒకచోట పెట్టి తీరిగ్గా జవాబులు రాశాను.

ఎడిటర్ అంటే పనికిరాని సీన్లు తీసేసే మనిషేనా?

తీసేయడం మా పనిలో చిన్న భాగం. షూటింగ్‌లో సీన్‌ని ముక్కలు ముక్కలుగా తీస్తారు. ముందు అందరూ కనబడేలా వైడ్, తర్వాత ఒక్కొక్కరి మీద క్లోజ్, ఆ తర్వాత చేతులు, తలుపు, ఫోను. ఒక్కో షాట్‌కి రెండు మూడు టేకులు. అవన్నీ రష్‌గా మా దగ్గరికి వస్తాయి. ఒక మాట వినిపిస్తున్నప్పుడు తెర మీద ఎవరి మొహం ఉండాలి, ఎంతసేపు ఉండాలి అన్నది మేం తేల్చాలి.

ఉదాహరణకి అత్తగారు "ఈ ఇంట్లో నీకు చోటు లేదు" అంటుంది. ఆ మాట ఆవిడ మొహం మీదే వింటే అది కోపం. కోడలి మొహం మీద వింటే అది దుఃఖం. పక్కన పేపర్ చదువుతూ తల ఎత్తని మామగారి మీద వింటే ఆ ఇల్లు ఎలాంటిదో మొత్తం అర్థమైపోతుంది. డైలాగ్ అదే, నటులూ వాళ్లే.

దాదాపు వందేళ్ల క్రితం రష్యాలో లెవ్ కులెషోవ్ అనే దర్శకుడు దీన్ని పరీక్ష పెట్టి మరీ చూపించాడు. ఒక నటుడి మొహం షాట్ ఒక్కటే తీసుకుని, దాని పక్కన ఒకసారి సూప్ గిన్నె, ఒకసారి శవపేటిక పెట్టాడు. చూసినవాళ్లు ఆ నటుడు ఆకలిని భలే చూపించాడన్నారు, దుఃఖాన్ని భలే చూపించాడన్నారు. మొహం మాత్రం మారలేదు. మా పని మొత్తం దీని మీదే నడుస్తుంది.

మీరు ఈ పనిలోకి ఎలా వచ్చారు?

పెళ్లి వీడియోల నుంచి. డిగ్రీ చదువుతూ ఖమ్మంలో ఒక మిక్సింగ్ షాపులో చేరాను. వీహెచ్‌ఎస్ క్యాసెట్లు, పక్కపక్కన రెండు డెక్కులు, మీద పడే పూలు, తిరిగే హార్టులు. నన్ను అక్కడ పెట్టింది పేర్లు టైప్ చేయడానికి. కానీ క్యాసెట్ తీసుకెళ్లిన వాళ్లు వారం తర్వాత వచ్చి ఏం అడిగేవాళ్లో నేను గమనించేదాన్ని. జీలకర్ర బెల్లం, తలంబ్రాలు ఎలా ఉన్నా సర్దుకుపోయేవాళ్లు. అప్పగింతలప్పుడు అమ్మ మొహం లేకపోతే మాత్రం ఒప్పుకునేవాళ్లు కాదు. "మా అమ్మ ఏడ్చింది, అది ఎక్కడ?" అని అడిగేవాళ్లు. ఎవరి మొహం చూపించాలో నాకు మొదట నేర్పింది ఖమ్మం పెళ్లికూతుళ్లే.

2003లో హైదరాబాద్ వచ్చాను. అది సీరియళ్ల కాలం. దూరదర్శన్ ఇక్కడ 1977 నుంచి ఉన్నా, రోజువారీ సీరియళ్లతో ఇన్ని ఉద్యోగాలు పుట్టింది మాత్రం 1995లో ఈటీవీ, జెమిని వచ్చాకే. 2002లో మా టీవీ, 2005లో జీ తెలుగు తోడయ్యాయి. ఛానల్ పెరిగిన ప్రతిసారీ కృష్ణానగర్, ఇందిరానగర్, శ్రీనగర్ కాలనీ సందుల్లో ఎడిట్ సూట్లు పెరిగాయి. మూడో అంతస్తులో ఒక గది, ఏసీ, నల్ల కర్టెన్లు, కంప్యూటర్, వెనక డైరెక్టర్ కోసం సోఫా. అలాంటి ఒక గదిలో అసిస్టెంట్‌గా చేరాను. జీతం నెలకి 2,500.

నాకు పని నేర్పిన సార్ మద్రాసులో పనిచేసి, ఇండస్ట్రీతో పాటు ఇక్కడికి వచ్చిన మనిషి. మొదటి మూడు నెలలు నన్ను కట్ చేయనివ్వలేదు. టేపులకి లేబుళ్లు అంటించడం, క్లాప్ చూసి సౌండ్ సింక్ చేయడం, ఏ టేక్ ఓకే, ఏది ఎన్‌జీ, అంటే పనికిరాదు, అని రాసుకోవడం. రోజూ సాయంత్రం మాత్రం ఒక సీన్ సౌండ్ తీసేసి చూపించేవారు. తర్వాత మానిటర్ ఆపేసి అదే సీన్ వినిపించేవారు. "కళ్లకి ఏం తెలిసింది, చెవికి ఏం తెలిసింది, వేరువేరుగా చెప్పమ్మా" అనేవారు. నా దగ్గర చేరిన పిల్లలకి నేనూ ఇప్పుడు అదే చేస్తాను.

రీలు చేత్తో కోసి అతికించిన రోజులు చూశారా?

నేను చేయలేదు, సార్ చేశారు. మూవియోలా అనే ఎడిటింగ్ మెషీన్ మీద పాజిటివ్ ప్రింట్ చూసుకుంటూ, మైనం పెన్సిల్‌తో గీత పెట్టి, స్ప్లైసర్‌లో కోసి టేపుతో అతికించేవారు. మిగిలిన ముక్కలన్నీ గుడ్డ సంచి ఉన్న స్టాండుకి వరసగా వేలాడుతుండేవి. ఒక ముక్క తప్పిపోతే నేల మీద పాకుతూ వెతికేవాళ్లట.

35 ఎంఎం ఫిలింలో అడుగుకి 16 ఫ్రేములు. సెకనుకి 24 ఫ్రేములు కాబట్టి నిమిషానికి 90 అడుగులు. రెండున్నర గంటల సినిమా 13,500 అడుగులు. సార్‌కి చివరిదాకా అడుగులే లెక్క. కంప్యూటర్ ముందు కూర్చుని కూడా "ఇక్కడ ఇరవై అడుగులు తీసెయ్యమ్మా" అనేవారు. నేను మనసులో పదమూడు సెకన్లు అనుకుని తీసేదాన్ని.

నా మొదటి చిన్న సినిమా టైమ్‌కి మధ్యస్థమైన పద్ధతి ఉండేది. షూటింగ్ ఫిలిం మీద, దాన్ని టెలిసినీ చేసి, అంటే వీడియోగా మార్చి, టేపు మీదకి తెచ్చి అవిడ్ అనే సాఫ్ట్‌వేర్‌లో ఎడిటింగ్, చివర్లో ఫిలిం అంచున ఉండే నంబర్ల ప్రకారం కట్ లిస్ట్ ఇస్తే ల్యాబ్‌లో అసలు నెగటివ్ కోసేవాళ్లు. నెగటివ్ ఒకటే ఉంటుంది, తప్పు చోట కోస్తే తిరిగి రాదు. ఆ లిస్ట్ ఇచ్చిన రాత్రి నాకు నిద్ర పట్టలేదు. తెల్లవారి లేచి మళ్లీ ల్యాబ్‌కి వెళ్లి ప్రతి నంబర్ చూసుకున్నాను.

సీరియల్ ఎడిటింగ్‌కీ సినిమా ఎడిటింగ్‌కీ తేడా ఏమిటి?

ముఖ్యమైన తేడా టైమ్. సినిమాలో ఒక సీన్‌ని ఇవాళ కట్ చేసి, పది రోజులు పక్కన పెట్టి, మళ్లీ కొత్త కళ్లతో చూడొచ్చు. రెండున్నర గంటల సినిమా అంటే 2,16,000 ఫ్రేములు, వాటితో నెలల తరబడి కూర్చుంటాం. సీరియల్‌లో అరగంట స్లాట్‌కి యాడ్స్ పోగా 22 నిమిషాల దాకా కావాలి. సెకనుకి 25 ఫ్రేముల లెక్కన 33,000 ఫ్రేములు. అది సోమవారం నుంచి శనివారం దాకా రోజుకొకటి.

బ్యాంకింగ్ ఉంటే, అంటే ముందే పది పన్నెండు ఎపిసోడ్లు రెడీగా ఉంటే, ప్రశాంతంగా చేసుకోవచ్చు. ఒక ఆర్టిస్ట్‌కి జ్వరం వచ్చినా, ఛానల్ వాళ్లు కథ మార్చమన్నా ఆ బ్యాంక్ కరిగిపోతుంది. అప్పుడు పొద్దున తీసిన సీన్ రాత్రికి టెలికాస్ట్‌కి వెళ్లాలి. నానక్‌రామ్‌గూడ నుంచో మణికొండ నుంచో బైక్ మీద ఒక అబ్బాయి హార్డ్‌డిస్క్ తెస్తాడు. వాడు జూబ్లీ చెక్‌పోస్ట్ ట్రాఫిక్‌లో ఇరుక్కుంటే ఇక్కడ మాకు టెన్షన్.

సీరియల్‌ని తక్కువగా చూసేవాళ్లు ఒక్కటి ఆలోచించాలి. సినిమా ఎడిటర్ పాత్రతో రెండున్నర గంటలు ఉంటాడు. నేను ఒక పాత్రతో నాలుగేళ్లు ఉన్నాను. ఆ అమ్మాయి అబద్ధం చెప్పే ముందు ఎలా గుటక వేస్తుందో ఆమె కంటే నాకే బాగా తెలుసు.

ఒకే మొహాన్ని మూడుసార్లు చూపిస్తారెందుకు? నవ్వొస్తుంది.

ఇది నన్ను అందరికంటే ఎక్కువ అడిగే ప్రశ్న. దీనికి రెండు నిజాలున్నాయి.

మొదటిది, సీరియల్ చూసేవాళ్లు చాలామంది తెర ముందు కూర్చుని చూడరు. పోపు వేస్తూ, పిల్లాడికి అన్నం పెడుతూ వింటారు. పెద్ద మాట చెవిన పడ్డాక తల తిప్పి తెర చూడటానికి రెండు మూడు సెకన్లు పడుతుంది. ఆలోగా మొహం వెళ్లిపోతే వాళ్లకి అసలు సంగతి అందదు. మా అమ్మ వంటింట్లోంచి టీవీ చూడటం ఒక సాయంత్రమంతా గమనించాకే నాకు ఇది అర్థమైంది. అప్పటి నుంచి పెద్ద మాట తర్వాత వినేవాళ్ల మొహాన్ని ఒక్కసారే, కానీ కాస్త ఎక్కువసేపు ఉంచుతున్నాను.

రెండోది, ఎపిసోడ్‌కి లెంగ్త్ చాలకపోవడం. పదహారు నిమిషాలే షూట్ చేసి ఇరవై రెండు నిమిషాలు కావాలంటారు. అప్పుడు స్లో మోషన్లు, ఉరుములు, అందరి మొహాలూ వరసగా. ఇది తప్పే. నేనూ చేశాను. చేసిన ప్రతిసారీ డైరెక్టర్‌గారితో చెప్పి చేశాను, చూసేవాళ్ల టైమ్ తింటున్నామని.

మీ పేరు మేం ఎప్పుడూ వినలేదు. బాధగా ఉండదా?

సీరియల్ చివర్లో పేర్లు పరిగెత్తుతాయి, చాలా రోజులు అవి కూడా వేయరు. మొదట్లో బాధపడ్డాను. మా నాన్నకి నా పేరు చూపించాలని రిమోట్ పట్టుకుని కూర్చుంటే, పేరు వచ్చే లోపు యాడ్ వచ్చేసింది.

ఎడిటర్లకి పేరు రాదని కాదు. కోటగిరి వెంకటేశ్వరరావుగారు, మార్తాండ్ కె. వెంకటేష్‌గారు, శ్రీకర్ ప్రసాద్‌గారు అంటే సినిమా మీద ప్రేమున్న తెలుగువాళ్లకి తెలుసు. "జెర్సీ" సినిమాకి నవీన్ నూలిగారికి జాతీయ అవార్డు వచ్చిన రోజు మా సందులో ఉన్న ఎడిట్ సూట్లన్నిటిలో స్వీట్లు పంచుకున్నాం. ఆయనెవరో మాలో చాలామందికి పరిచయం లేదు, అయినా ఇంట్లో పండగలాగే ఉంది.

పేరు తెలియకపోయినా ఇరవై ఏళ్లుగా ఫోన్ చేసి పిలుస్తున్నారు. ఈ ఊళ్లో పని పని వల్లే వస్తుంది. మేనేజర్లు, డైరెక్టర్లు, పాత అసిస్టెంట్లు నా కట్ ఎలా ఉంటుందో తెలిసి పిలుస్తారు.

డబ్బులు ఎలా ఇస్తారు? ఎగ్గొట్టినవాళ్లు ఉన్నారా?

సీరియల్‌కి ఎపిసోడ్ లెక్క, నెల నెలా బిల్లు. సినిమాకి మొత్తం ఒక ఫిగర్ మాట్లాడుకుని విడతలుగా ఇస్తారు: అడ్వాన్స్, డబ్బింగ్‌కి కట్ ఇచ్చాక కొంత, ఫస్ట్ కాపీ, అంటే పూర్తయిన సినిమా మొదటి కాపీ, ముందు మిగతాది. చిన్న సినిమాల్లో ఆ మిగతాదే సమస్య. ఒక ప్రొడక్షన్ వాళ్లు నాకు సగం డబ్బు ఇవ్వలేదు. సినిమా రిలీజ్ కాలేదు కాబట్టి మాకూ రాలేదన్నారు. ఏడాదిన్నర తిరిగాను. ఆ ఏడాది మా అమ్మాయి స్కూల్ ఫీజు అప్పు చేసి కట్టాను.

అప్పటి నుంచి రెండు నియమాలు పెట్టుకున్నాను. ఎంత తెలిసినవాళ్లయినా ఒక పేజీ అయినా రాసుకోవడం. చివరి విడత చేతికి వచ్చాకే ఫైనల్ ప్రాజెక్ట్ ఇవ్వడం. కొత్తగా వచ్చే పిల్లలు మొహమాటంతో ఈ రెండూ అడగరు. దయచేసి అడగండి. ఎడిటర్ల యూనియన్‌లో సభ్యత్వం తీసుకోండి, గొడవ వస్తే మీ తరఫున మాట్లాడే మనిషి ఉంటాడు.

పని మొత్తం పోగొట్టుకున్న సందర్భం ఉందా?

ఉంది. ఒక పాట, రెండు రోజుల షూటింగ్, ఒకే హార్డ్‌డిస్క్‌లో ఉంది. రెండో కాపీ తీయాల్సింది నేను. రాత్రి రెండైంది, పొద్దున తీద్దామనుకున్నాను. పొద్దున అది టిక్ టిక్‌మంటోంది. రికవరీకి ఇస్తే సగం షాట్లు వచ్చాయి. తప్పు నాదేనని డైరెక్టర్‌గారికి అప్పుడే ఫోన్ చేసి చెప్పాను. ఆయన తిట్టలేదు, చాలాసేపు ఏమీ మాట్లాడలేదు. ఉన్న షాట్లతోనే పాట కట్టి ఇచ్చాను. కెమెరా కార్డ్ ఖాళీ చేసే ముందు రెండు వేరువేరు డిస్కుల్లో కాపీ ఉండాలి, ఆ రెండూ ఒకే గదిలో ఉండకూడదు. ఇప్పుడు మా దగ్గర అది కాకుండా ఎవరూ ఇంటికి వెళ్లరు.

డైరెక్టర్‌కీ మీకూ మాట పడకపోతే?

ఆయన చెప్పిన కట్ ముందు చేస్తాను, మనసు పెట్టి చేస్తాను. తర్వాత "ఇంకొకటి చేశాను, ఒక్కసారి చూడండి సార్" అని నాది చూపిస్తాను. చివరి మాట ఆయనదే, సినిమా ఆయనది కాబట్టి. అయితే ఎండలో నిలబడి ఎంతో కష్టపడి తీసిన క్రేన్ షాట్‌ని ఆయన వదులుకోలేరు. ఆ కష్టం నేను చూడలేదు కాబట్టి నాకు షాట్ మాత్రమే కనబడుతుంది. అందుకే నేను షూటింగ్‌కి వెళ్లను.

సినిమా రిలీజయ్యాక ట్రిమ్ చేశారంటారు కదా, అదెలా?

మార్నింగ్ షో చూసి "సెకండాఫ్ ల్యాగ్" అని టాక్ వస్తే సాయంత్రానికల్లా తగ్గించమంటారు. ప్రింట్ల కాలంలో ఊరూరా ఆపరేటర్లే రీలు కోయాల్సి వచ్చేది. ఇప్పుడు డిజిటల్ కాబట్టి కొత్త ఫైల్ వెళ్తుంది. సెన్సార్ అయిన సినిమాలో ఏం తీసినా ఆ మార్పు బోర్డుకి తెలియజేయాలి. ఎక్కడ కోసినా కింద రీరికార్డింగ్, అంటే బ్యాక్‌గ్రౌండ్ మ్యూజిక్, తెగుతుంది కాబట్టి మ్యూజిక్ కలిసే చోటు వెతుక్కోవాలి.

నా చిన్న సినిమాలకి నేను ఆర్టీసీ క్రాస్ రోడ్స్‌కి వెళ్లి, చివరి వరసలో కూర్చుంటాను. తెర చూడను, జనాన్ని చూస్తాను. చీకట్లో ఒక ఫోన్ వెలిగితే పర్లేదు. పది ఫోన్లు ఒకేసారి వెలిగిన చోట టైమ్ రాసుకుంటాను. ఒక సినిమాకి అలా రాసుకున్న చోట్లన్నీ కలిపితే తొమ్మిది నిమిషాలు వచ్చింది. ఎడిట్ సూట్‌లో ఆ తొమ్మిది నిమిషాల కోసమే నేను డైరెక్టర్‌తో వాదించి మరీ ఉంచాను. ఆ సాయంత్రం నా చేత్తోనే తీసేశాను.

ఏ సాఫ్ట్‌వేర్ నేర్చుకోవాలి?

ఏదైనా. నేను అవిడ్‌తో మొదలుపెట్టి, ఫైనల్ కట్ ప్రోకి మారి, 2011లో దాని కొత్త వెర్షన్ పాత ప్రాజెక్టులు తెరవకపోయేసరికి ప్రీమియర్‌కి వచ్చాను. డావిన్చి రిజాల్వ్‌కి ఉచిత వెర్షన్ ఉంది, కొత్తవాళ్లకి అది చాలు. నెల రోజుల్లో బటన్లు వస్తాయి.

ఎక్కడ చదవాలి?

పుణెలోని ఎఫ్‌టీఐఐ (ఫిల్మ్ అండ్ టెలివిజన్ ఇన్‌స్టిట్యూట్), కోల్‌కతాలోని సత్యజిత్ రే ఇన్‌స్టిట్యూట్‌లలో ఎడిటింగ్‌కి ప్రత్యేకంగా కోర్సులున్నాయి, ఎంట్రన్స్ రాయాలి. హైదరాబాద్‌లో అన్నపూర్ణ స్టూడియోస్ వాళ్ల ఫిల్మ్ స్కూల్ 2011 నుంచి ఉంది. డబ్బు లేనివాళ్లు కుంగిపోవద్దు. మా రోడ్డులో పనిచేసే వాళ్లలో ఎక్కువమంది అసిస్టెంట్‌గా చేరి నేర్చుకున్నవాళ్లే. మంచి అసిస్టెంట్‌కి తెలుగు చదవడం, రాయడం బాగా వచ్చి ఉండాలి. ఏ టేక్ ఓకేనో షూటింగ్‌లో రాసి పంపే రిపోర్ట్ చదవలేక తప్పు టేక్ పెట్టేవాళ్లని చాలామందిని చూస్తున్నాను.

ఆడపిల్లలకి ఈ పని ఎలా ఉంటుంది?

నేను చేరినప్పుడు మా బిల్డింగ్‌లో నేనొక్కదాన్నే. బాత్రూమ్ కింది ఫ్లోర్‌లో, తాళం వాచ్‌మన్ దగ్గర. రాత్రి పన్నెండు దాటితే ఇంటి ఓనర్ గేటు తీసేవాడు కాదు, రెండుసార్లు ఇల్లు మారాను. ఇప్పుడు మా టీమ్‌లో ఐదుగురిలో ముగ్గురు అమ్మాయిలు. తొమ్మిది దాటితే క్యాబ్ ఖర్చు ప్రొడక్షన్‌దే అని మొదటి రోజే మాట్లాడతాను. "అక్కా, అడిగితే పని ఇవ్వరేమో" అని భయపడతారు. అడిగినందుకు నాకు ఒక సీరియల్ పోయిన మాట నిజమే. మిగతావాళ్లు ఒప్పుకున్నారు.

ఏఐ వస్తే మీ పని పోతుందా?

సింక్ చేయడం, డైలాగులు టైప్ చేయడం, టేకులు సర్దడం వంటివి తగ్గుతున్నాయి. నాకు దిగులు అసిస్టెంట్ల గురించి. మేం ఆ పనులు చేస్తూనే రష్ మొత్తం చూసి నేర్చుకున్నాం. అందుకే మా పిల్లల్ని సీన్ ముట్టుకునే ముందు రష్ అంతా కూర్చోబెట్టి చూపిస్తున్నాను.

మీరు చేసిన వాటిలో మీకు బాగా గుర్తుండిపోయిన కట్ ఏది?

ఒక సీరియల్‌లో కోడలికి భర్త ఫోన్ చేసి ఈ పండక్కి కూడా రావడం లేదని చెప్తాడు. ఆ అమ్మాయి నాలుగు టేకులు చేసింది. నాలుగింటిలోనూ కన్నీళ్లు, వణికే పెదవి, అన్నీ సరిగ్గానే ఉన్నాయి. నాకు ఒక్కటీ నిజంగా అనిపించలేదు. రష్ మొదటి నుంచి మళ్లీ చూశాను. మూడో టేక్‌లో క్లాప్ పడ్డాక, డైరెక్టర్ "యాక్షన్" అనకముందు, లైట్ ఏదో సర్దుతున్నారు. ఆ అమ్మాయి ఫోన్ పట్టుకుని ఎదురుచూస్తోంది. కెమెరా తిరుగుతోందని మర్చిపోయింది. కళ్లు ఒకసారి మూసి, భుజం గోడకి ఆనించి, నెమ్మదిగా ఊపిరి వదిలింది. నాలుగు సెకన్లు, వంద ఫ్రేములు. భర్త మాట మీద ఆ వంద ఫ్రేములు పెట్టాను. మ్యూజిక్ తీసేశాను. డైరెక్టర్‌గారు చూసి, "ఇది ఎప్పుడు తీశాం?" అని అడిగి, వద్దనలేదు.

టెలికాస్ట్ అయిన రాత్రి ఖమ్మం నుంచి అమ్మ ఫోన్ చేసింది. నా పని గురించి అమ్మ ఎప్పుడూ మాట్లాడదు, సీరియల్‌లో మనుషుల గురించే మాట్లాడుతుంది.

"ఇవాళ ఆ పిల్ల మొహం చూశావా, ఎంత అలిసిపోయిందో పాపం. రేపన్నా కాసేపు కూర్చోనివ్వమని చెప్పవే వాళ్లకి" అంది.

చెప్తానమ్మా అన్నాను.